డాబాగార్డెన్స్ ఫ్రేముల షాపులో లిసోవ్‌స్కీ రౌతు: కాన్వాస్ ప్రింట్ రివ్యూ

ముదురు రంగుల బొమ్మను కాన్వాస్ మీద ప్రింట్ తీయించుకోవాలంటే వైజాగ్‌లో ఎక్కడికి వెళ్లాలని ఎవరడిగినా నా జవాబు ఒకటే. డాబాగార్డెన్స్‌లో, సరస్వతి పార్క్ వైపు నుంచి లోపలికి తిరిగే సందులో ఒక ఫొటో ఫ్రేముల షాపు ఉంది, అక్కడికి వెళ్లండి. బోర్డు మీద షాపు పేరు కన్నా ఫ్రేములు, కాన్వాస్ ప్రింట్లు, లామినేషన్ అన్న అక్షరాలే పెద్దగా ఉంటాయి కాబట్టి ఫ్రేముల షాపు అంటేనే అక్కడివాళ్లు చూపిస్తారు. అయిదుకి నాలుగున్నర ఇస్తున్నాను, ఆ అర మార్కు ఎందుకు పోయిందో తర్వాత చెబుతాను. రివ్యూ పొడుగ్గానే ఉంటుంది. నేను ఏ బొమ్మ ప్రింట్ తీయించుకున్నానో, అందులో ఉన్నది ఎవరో చెప్పకపోతే ఈ షాపువాళ్ల పనితనం మీకు అర్థం కాదు.

బొమ్మ పేరు పోలిష్ రైడర్. డచ్ చిత్రకారుడు రెంబ్రాంట్ 1655 ప్రాంతంలో వేసిన తైలవర్ణ చిత్రం, ఇప్పుడు న్యూయార్క్‌లోని ఫ్రిక్ కలెక్షన్‌లో ఉంది. సాయంత్రమో తెల్లవారుజామో తెలియని మసక వెలుగులో, తెల్లబారిన గుర్రం మీద ఒక కుర్రాడు వెళుతుంటాడు. పొడవాటి కోటు, బొచ్చు అంచు టోపీ, ఎర్రటి పంట్లాం, కుడిచేతిలో యుద్ధంలో వాడే సుత్తి, నడుముకు కత్తి, పక్కన విల్లు, అమ్ములపొది నిండా బాణాలు, జీను కింద ఇంకో పొడవు కత్తి. ఇన్ని ఆయుధాలున్నా ఒంటి మీద కవచం అన్నది లేదు. వెనక అంతా గోధుమ రంగు చీకటి. ఆ చీకట్లో కొండ మీద కోటలాంటి కట్టడం ఒకటి, కుడివైపు దూరంగా నీళ్ల దగ్గర చిన్న మంట, దాని చుట్టూ మనుషులు. చాలామంది ఆ మంటను చూడరు, ఎందుకంటే చాలా ప్రింట్లలో అది కనిపించదు.

పోలండ్‌లో ఈ బొమ్మకు లిసోవ్‌చిక్ అన్న పేరు చాలాకాలంగా ఉంది, అంటే లిసోవ్‌స్కీ దళం మనిషి అని. నాకు ఈ బొమ్మ కావాలనిపించింది ఆ లిసోవ్‌స్కీ వల్లే. కొన్నేళ్లుగా తూర్పు యూరప్ చరిత్ర చదువుతున్నాను, అందులో నన్ను ఎక్కువ పట్టుకున్నది ఈ మనిషి. అలెగ్జాండర్ యూజెఫ్ లిసోవ్‌స్కీ, పోలండ్-లిథువేనియా ఉమ్మడి రాజ్యంలో ఒక చిన్న కులీన కుటుంబంవాడు. వాళ్ల వంశచిహ్నం ముళ్లపంది. 1580 ప్రాంతంలో పుట్టాడు, 1616లో పోయాడు. అంటే ముప్పై అయిదేళ్లు అటూఇటూ బతికిన మనిషి, అంత తక్కువ కాలంలో ఒక సైన్యానికే తన పేరు మిగిల్చి వెళ్లాడు.

ముందు షాపు సంగతి. లోపలికి అడుగుపెట్టగానే సింహాద్రి అప్పన్న, సంపత్ వినాయకుడు, కనకమహాలక్ష్మి అమ్మవారు, షిర్డీ బాబా వరసగా కనిపిస్తారు, ఇంకోవైపు పెళ్లి ఫొటోలు, దండలు వేసే సైజులో పెద్దవాళ్ల ఫొటోలు. వాళ్ల రోజువారీ వ్యాపారం అదే. అందుకే నేను ఫోన్‌లో ఈ బొమ్మ చూపించి కాన్వాస్ మీద కావాలన్నప్పుడు, వద్దు, కుదరదు అంటారేమో అనుకున్నాను. షాపాయన శ్రీకాకుళం వైపు మనిషి, అరవై దాటి ఉంటాయి, నేను బాబాయ్ అనే పిలుస్తాను. ఫోన్ కళ్లకు దగ్గరగా పెట్టుకుని చాలాసేపు చూశారు.

"ఇంత చీకటిగా ఉందేటమ్మా, ఇలాగే కావాలా? వెలుగు పెంచమంటావా?"

"ఇలాగే కావాలి బాబాయ్. చీకటి తీసేస్తే బొమ్మ పోతుంది."

"అయితే ముందు చిన్న ముక్క తీసి చూపిస్తాను. నువ్వు చూసి ఊఁ అన్నాకే పెద్దది తీద్దాం."

ఈ ఒక్క మాటకే నేను ఈ షాపుకి మార్కులు వేసేశాను. ఎందుకంటే దీనికి ముందు ఊళ్లోనే ఇంకోచోట, పేరు చెప్పను, ఇదే బొమ్మ ఇస్తే అడగకుండా వెలుగు పెంచి, చీకటినంతా బూడిద రంగు చేసి, వాళ్ల దగ్గరున్న రెడీమేడ్ సైజుకి సరిపోవడానికి కుడివైపు కత్తిరించేశారు. మంట పోయింది, మంట పక్క మనుషులు పోయారు. అడిగితే "మెయిన్ మనిషి వచ్చాడు కదండీ" అన్నారు. డబ్బులు తిరిగి ఇవ్వలేదు.

డాబాగార్డెన్స్ బాబాయ్ షాపులో అలా జరగలేదు. అసలు బొమ్మ దాదాపు 117 సెంటీమీటర్ల ఎత్తు, 135 సెంటీమీటర్ల వెడల్పు, అంటే 46 అంగుళాలకు 53 అంగుళాలు. మామూలుగా షాపుల్లో ఉండే కాన్వాస్ సైజులు 20కి 30, 24కి 36 లాంటివి, వీటిలో దేనికీ ఈ బొమ్మ కత్తిరించకుండా సరిపోదు. నాకు సరిగ్గా సగం సైజు కావాలన్నాను, 23కి 26న్నర. లోపలి చెక్క చట్రం కొత్తగా కోయాలి, దానికి వేరే చార్జీ అవుతుందని ముందే చెప్పి, నా ఎదురుగానే కాగితం మీద రాసిచ్చారు. తర్వాత అంతకన్నా ఒక్క రూపాయి ఎక్కువ అడగలేదు.

ప్రింట్ తీసే కుర్రాడు ఇంకా బాగా పనిచేశాడు. మొదటి ముక్కలో గోధుమ రంగు ఎర్రగా వచ్చింది, రెండో దాంట్లో నల్లగా ముద్దయింది. నేను చెప్పకముందే వాడే తల అడ్డంగా ఊపి, "అక్కా, ఇందులో కొండ కనబడట్లేదు, కొండకీ ఆకాశానికీ తేడా రావాలి కదా" అన్నాడు. ఆ మాట అన్నవాడి చేతిలో బొమ్మ పెట్టి నిశ్చింతగా ఇంటికి వెళ్లొచ్చు. తర్వాత ముక్కలో కొండ వచ్చింది, కోట గోడ వచ్చింది, మంట చిన్న నారింజ చుక్కలా వచ్చింది. ముదురు రంగుల్లో ఒకదాని పక్కన ఒకటి విడివిడిగా కనిపించేలా తీయడం కష్టమైన పని, రంగురంగుల పువ్వుల బొమ్మ ఎవరైనా తీస్తారు.

ఆ ప్రూఫ్ ముక్కలు ఆరేదాకా కూర్చోబెట్టి, టీ తెప్పించి, "ఇంతకీ ఎవరమ్మా ఈయన?" అని అడిగారు బాబాయ్. నాకు కావలసింది కూడా అదే, మొదలుపెట్టాను.

లిసోవ్‌స్కీ కథ జీతం దగ్గర మొదలవుతుంది. 1604లో లివోనియాలో, అంటే ఇప్పటి లాట్వియా, ఎస్తోనియా వైపు, స్వీడన్‌తో జరుగుతున్న యుద్ధంలో సైనికులకు జీతాలు అందలేదు. ఆ రాజ్యంలో అలాంటప్పుడు సైనికులు ఒక జట్టు కట్టి, మా బాకీ తీర్చేదాకా ఇంతే అని ఊళ్ల మీద పడి బతికేవాళ్లు, సగం చట్టబద్ధం, సగం తిరుగుబాటు. అలాంటి ఒక జట్టుకు ఇతను నాయకుడయ్యాడు, ఫలితంగా అతని మీద వెలి శిక్ష పడింది. తర్వాత రాజు మూడో సిగిస్మండ్ మీద కులీనులు 1606లో చేసిన తిరుగుబాటులో కలిశాడు. 1607లో గూజూవ్ దగ్గర తిరుగుబాటుదారులు ఓడిపోయారు. ఇక సొంత దేశంలో నిలువ నీడ లేదు. కులం ఉంది, కత్తి ఉంది, బతకడానికి చోటు లేదు. ఏం చేస్తాడు? సరిహద్దు దాటాడు.

సరిహద్దు అవతల రష్యాలో అప్పుడు రాజ్యమే గల్లంతై ఉంది. ఇవాన్ చక్రవర్తి కొడుకు దిమిత్రీ చిన్నతనంలోనే 1591లో చనిపోతే, నేనే ఆ దిమిత్రీని అంటూ ఒకడు వచ్చి సింహాసనం ఎక్కాడు, వాణ్ని 1606లో చంపారు. తర్వాత నేనే ఆ దిమిత్రీని అంటూ ఇంకొకడు వచ్చాడు. ఈ రెండో దొంగ దిమిత్రీ దగ్గర చేరాడు లిసోవ్‌స్కీ. దోన్ నది ప్రాంతంలో స్వతంత్రంగా బతికే గుర్రపు యోధులైన కొసాక్కులను, ఎక్కడెక్కడివాళ్లో దిక్కులేని యోధులను పోగేశాడు. 1608 వసంతంలో జరాయ్‌స్క్ దగ్గర మాస్కో సేనను ఓడించాడు, కొలొమ్నా పట్టుకున్నాడు. కొల్లగొట్టిన సొమ్ము, ఫిరంగులు, బందీలు వెంటేసుకుని వస్తుంటే మాస్కో నది రేవు దగ్గర శత్రువులు మీద పడ్డారు, ఆ బరువుతో ఇతని మనుషులు కదల్లేకపోయారు. మొత్తం పోగొట్టుకున్నాడు. తర్వాతి కాలంలో ఇతని దళం సామాను బండ్లు లేకుండా, తేలిగ్గా, వేగంగా తిరగడానికి పేరు పడిందంటే ఆ రేవు దగ్గర దెబ్బ కూడా ఒక కారణం అయి ఉంటుందని నాకు అనిపిస్తుంది, ఇది నా అభిప్రాయం.

అదే ఏడాది సెప్టెంబరులో యాన్ పియోత్ర్ సపియేహాతో కలిసి మాస్కోకు ఉత్తరాన ఉన్న ట్రినిటీ సెర్గియస్ మఠాన్ని ముట్టడించాడు. పదహారు నెలలు, 1610 జనవరి దాకా. లోపల సన్యాసులు, కొద్దిమంది సైనికులు, చుట్టుపక్కల ఊళ్ల నుంచి వచ్చి తలదాచుకున్న రైతులు. ఆకలికీ రోగాలకీ ఎంతోమంది చనిపోయినా తలుపు తెరవలేదు. వీళ్లు లేచి వెళ్లాల్సి వచ్చింది. గుర్రం మీద మెరుపులా వచ్చే మనిషికి గోడ ముందు నెలల తరబడి కూర్చోవడం చేతకాదని ఇక్కడే తెలుస్తుంది.

1610 చివర్లో రెండో దిమిత్రీని కూడా చంపేశారు. లిసోవ్‌స్కీ మెల్లగా తన రాజు పక్షానికి తిరిగొచ్చాడు, రాజుకు కూడా ఇలాంటివాడు సరిహద్దులో కావాలి. అతని జీవితంలో అందరూ చెప్పుకునే ఘట్టం 1615. అప్పటికి మాస్కోలో రొమానోవ్‌ల కొత్త చక్రవర్తి మిఖాయిల్ వచ్చి రెండేళ్లే అయింది. లిసోవ్‌స్కీ తన దళంతో బ్రియాన్‌స్క్ మీద పడ్డాడు, కరాచెవ్ దగ్గర ఒక సేనను ఓడించాడు. అప్పుడు మాస్కో అతని మీదికి ఎవరిని పంపిందనుకున్నారు? దిమిత్రీ పొజార్‌స్కీని. 1612లో పోలిష్ సేనల నుంచి మాస్కోను విడిపించిన వీరుడు, ఇప్పటికీ మాస్కో రెడ్ స్క్వేర్‌లో ఆ పోరాటంలో తోటి నాయకుడు మీనిన్‌తో కలిసి ఆయన విగ్రహం ఉంది. ఓర్యోల్ దగ్గర ఇద్దరూ ఎదురుపడ్డారు. పొజార్‌స్కీ సేనలో చాలామంది చెదిరిపోయారు, ఆయన మిగిలినవాళ్లతో బండ్లు అడ్డం పెట్టుకుని నిలబడ్డారు. ఎవరూ ఎవరినీ పూర్తిగా ఓడించలేదు. లిసోవ్‌స్కీ తప్పుకుని, బెల్యోవ్ తగలబెట్టి, లిఖ్విన్ మీద పడి, పెరెమిష్ల్ పట్టుకుని, అక్కణ్నుంచి ఉత్తరానికి తిరిగి ర్జెవ్, కాషిన్, తోర్‌జోక్ వైపు వెళ్లి, మాస్కోను దూరం నుంచి చుట్టేసి మళ్లీ సరిహద్దు చేరాడు. వెంట పడినవాళ్లు ఎవరూ అతణ్ని అందుకోలేకపోయారు.

టీ గ్లాసు పక్కన పెట్టి, "తిండి ఎక్కడిదమ్మా అన్నాళ్లు?" అన్నారు బాబాయ్. సరిగ్గా అడగాల్సిన ప్రశ్న. దారిలో ఊళ్లదే బాబాయ్, అన్నాను.

1616 అక్టోబరు 11న, మళ్లీ దండయాత్రకు బయలుదేరిన సమయంలో, హఠాత్తుగా జబ్బు చేసి చనిపోయాడు. అన్ని యుద్ధాలు చేసి యుద్ధంలో పోలేదు. అతని మనుషులు మాత్రం విడిపోలేదు, ఇంకొకరిని నాయకుడిగా పెట్టుకుని తమ పాత నాయకుడి పేరుతోనే కొనసాగారు. పోలిష్‌వాళ్లు, లిథువేనియావాళ్లు, రుథేనియావాళ్లు (ఇప్పటి ఉక్రెయిన్, బెలారుస్ వైపువాళ్లు), కొసాక్కులు, తాతార్లు, అందరూ ఉండేవాళ్లు. ఖజానా నుంచి జీతం లేదు, దోచుకున్నదే జీతం. ఒక్కొక్కరి దగ్గర ఒకటి కన్నా ఎక్కువ గుర్రాలు, రోజుకు 150 కిలోమీటర్ల దాకా వెళ్లేవాళ్లని చెబుతారు. 150 అంటే వైజాగ్ నుంచి తుని దాటి ఇంకా చాలా దూరం, ఒక్క రోజులో, గుర్రం మీద.

1619లో ఆస్ట్రియాను ఏలే పవిత్ర రోమన్ చక్రవర్తి రెండో ఫెర్డినాండ్‌కు సాయంగా వీళ్లను పంపాడు పోలండ్ రాజు. సాయం ఒక కారణం, ఇంట్లో ఉంటే మనవాళ్లనే దోస్తారు, బయటికి పంపితే మేలన్నది ఇంకో కారణం. ఇప్పటి స్లొవేకియాలోని హుమెన్నె దగ్గర ట్రాన్సిల్వేనియావాళ్ల సేనను ఓడించారు, దాంతో వియన్నాను ముట్టడించిన ట్రాన్సిల్వేనియా పాలకుడు బెత్లెన్ వెనక్కి తిరగాల్సి వచ్చింది. 1620 నవంబరు 8న ప్రాగ్ దగ్గర వైట్ మౌంటెన్ యుద్ధంలోనూ ఉన్నారు, 1621లో టర్కీ సుల్తాన్ సేనకు ఎదురుగా ఖోటిన్‌లోనూ ఉన్నారు. వెళ్లిన ప్రతిచోటా గెలుపుతో పాటు కాలిన ఊళ్లు కూడా వదిలివెళ్లారు. చివరికి 1635లో ఈ దళాన్నే రద్దు చేశారు.

బాబాయ్ ఊరికే వినడం లేదు, మధ్యలో గిరాకీ వస్తే వాళ్లకు బీడింగ్ ముక్కలు చూపించి పంపేసి మళ్లీ వచ్చి "ఆఁ, తర్వాత?" అన్నారు. ఇలాంటి షాపు ఇంకోటి ఉంటే చెప్పండి నాకు.

లేబుల్ దగ్గర మాత్రం ఇద్దరం గట్టిగానే వాదించుకున్నాం. బొమ్మ కింద చిన్న ఇత్తడి రంగు పట్టీ మీద రెండు మూడు వాక్యాలు ప్రింట్ చేసి అతికిస్తారు, అది వీళ్ల దగ్గరున్న మంచి సర్వీసు, వేరేచోట చూడలేదు. కుర్రాడు నేను చెప్పిన కథంతా విని ఉత్సాహంగా "మహావీరుడు లిసోవ్‌స్కీ" అని టైప్ చేసేశాడు. నేను ఒప్పుకోలేదు, రెండు కారణాలు చెప్పాను.

మొదటిది, ఈ బొమ్మలో ఉన్నది లిసోవ్‌స్కీ కాదు. అతను పోయిన దాదాపు నలభై ఏళ్లకు ఈ బొమ్మ వచ్చింది. ఆ గుర్రం మీద కుర్రాడెవరో ఎవరికీ రుజువుగా తెలియదు. ఆ రోజుల్లో హాలండ్‌లో చదువుకున్న మార్చియాన్ అలెగ్జాండర్ ఓగిన్‌స్కీ అనే కులీనుడని కొందరంటారు, అసలు ఏ ఒక్క మనిషీ కాదు, ఊహాచిత్రం అని ఇంకొందరంటారు. 1980లలో అయితే ఇది రెంబ్రాంట్ వేసిందే కాదు, ఆయన శిష్యుడు విల్లెం ద్రోస్ట్ వేసిందేమో అన్న అనుమానం కూడా లేచింది. తర్వాత నిపుణులు మళ్లీ ఎక్కువగా రెంబ్రాంట్ వైపే వచ్చారు. 1791లో ఓగిన్‌స్కీ వంశంలోనే ఇంకొకాయన, మిఖావ్ కజిమీర్, ఈ బొమ్మను పోలండ్ ఆఖరి రాజు స్తనిస్వావ్ ఔగుస్త్‌కు పంపుతూ ఉత్తరం రాశాడు. రెంబ్రాంట్ గుర్రం ఎక్కించిన కొసాక్కును మీకు పంపుతున్నాను, ఈ గుర్రం నా దగ్గరున్నన్నాళ్లూ 420 గుల్డెన్ల మేత మేసింది, దానికి తగ్గట్టు మీ నుంచి నారింజ చెట్లు వస్తాయని ఆశిస్తాను అని దాని భావం. ఈ ముక్క చెప్పగానే కుర్రాడు పని ఆపేసి నవ్వాడు. రాజు చిత్రాల జాబితాలో కూడా గుర్రం మీద కొసాక్కు అనే ఉంది, లిసోవ్‌స్కీ పేరు తర్వాత కాలంలో అతుక్కుంది. చివరికి తర్నోవ్‌స్కీ కుటుంబం చేతికి వచ్చి, వాళ్ల నుంచి 1910లో అమెరికా ధనవంతుడు హెన్రీ ఫ్రిక్ కొనుక్కున్నాడు.

రెండో కారణం నాకు ఇంకా ముఖ్యం. మహావీరుడు అంటే సరిపోదు. దోపిడీ మాట కూడా రాయాలన్నాను. ఇక్కడే బాబాయ్ అడ్డం తగిలారు.

"ఇంట్లో గోడకు పెట్టుకునే బొమ్మ కింద దోచాడు అని ఎందుకమ్మా? వచ్చినవాళ్లు చదువుతారు. వీరుడు అని రాసి వదిలెయ్, ఎవరికీ బాధ ఉండదు."

"పిండారీలను ఎవరైనా వీరులు అని గోడకు పెట్టుకుంటారా బాబాయ్?"

పిండారీలనే దోపిడీ గుర్రపు దళాల సంగతి ఆయనకు తెలుసు. వాళ్లకూ జీతం లేదు, వాళ్లవీ గుర్రాలే, వేగమే వాళ్ల బలం కూడా. 1816లో మన కోస్తా మీద పడ్డారు, గుంటూరు ప్రాంతం కొల్లగొట్టారు, ఆ ఒక్క దాడిలోనే 339 ఊళ్లు దోపిడీకి గురయ్యాయని లెక్క. దాచిన సొమ్ము చూపించమని జనాన్ని చిత్రహింసలు పెట్టారు. లిసోవ్‌స్కీ పోయిన సరిగ్గా రెండొందల ఏళ్లకు జరిగింది ఇది. దాడి జరిగిన ఊళ్ల నుంచి చూస్తే ఒకలా ఉంటుంది, గుర్రం మీంచి చూస్తే ఒకలా ఉంటుంది. బెల్యోవ్‌లో ఇల్లు కాలిపోయిన మనిషి వారసులు ఎవరైనా నా హాలులోకి వచ్చి ఆ పట్టీ చదివితే నేను తలెత్తుకుని నిలబడగలగాలి. అలాగని లిసోవ్‌స్కీని ఒట్టి దొంగ అని తీసిపారేయలేను కూడా. సొంత దేశం వెలేసినా నలుదిక్కుల మనుషులను, భాషలు వేరు, మతాలు వేరు, ఒక్క దళంగా నిలబెట్టాడు, పొజార్‌స్కీ అంతటివాడికి చిక్కలేదు, అతను పోయాక కూడా ఆ మనుషులు అతని పేరు వదల్లేదు. ధైర్యం నిజం, దోపిడీ కూడా నిజం. పట్టీలో రెండింటికీ చోటు ఉంది.

బాబాయ్ కాసేపు మాట్లాడలేదు. తర్వాత, "నీ ఇష్టం తల్లీ, నీ గోడ" అని, కుర్రాడికి తనే చెప్పి టైప్ చేయించారు. పట్టీ మీద ఇప్పుడు ఇలా ఉంది: "పోలిష్ రౌతు. రెంబ్రాంట్, 1655 ప్రాంతం. ఈ బొమ్మకు పోలండ్‌లో లిసోవ్‌స్కీ దళం పేరు ఉంది. కొసాక్కులను, ఇంకెందరినో నడిపిన లిసోవ్‌స్కీ యుద్ధాలు గెలిచాడు, ఊళ్లు దోచాడు, 1616లో జబ్బుతో పోయాడు."

అర మార్కు పోయింది ఈ పట్టీ దగ్గరే. వాళ్ల దగ్గరున్న పాత తెలుగు ఫాంటులో లిసోవ్‌స్కీ అన్న పేరు సరిగ్గా పడదు, వత్తులన్నీ ఒకదాని కింద ఒకటి చేరి గుర్తుపట్టలేనట్టు వచ్చింది. మొదటి పట్టీ అలాగే అచ్చు వేసేసి తెచ్చారు, వెనక్కి పంపాల్సి వచ్చింది. కుర్రాడు ఫాంటు మార్చి మళ్లీ వేశాడు, డబ్బు తీసుకోలేదు, కానీ దానివల్ల చెప్పిన తేదీ దాటింది. పైగా పని అయిందా లేదా తెలుసుకుందామని ఫోన్ చేస్తే మధ్యాహ్నం పూట ఎత్తరు. వాట్సాప్ మెసేజ్ పెడితే సాయంత్రానికి జవాబిస్తారు, కాబట్టి మెసేజే పెట్టండి.

ఫ్రేము గురించి. వాళ్ల దగ్గర ఎండీఎఫ్ (చెక్కపొట్టు నొక్కి చేసే పలక), ఫైబర్, టేకు మూడూ ఉన్నాయి. మాది బీచ్ రోడ్డుకు దగ్గర, ఏడాది పొడవునా తేమ, ఉప్పు గాలి. ఎండీఎఫ్ అయితే రెండు వానాకాలాలకు అంచులు ఉబ్బుతాయని బాబాయే చెప్పి, చవకది వద్దన్నారు, నిజానికి దాని మీదే ఆయనకు లాభం ఎక్కువ ఉంటుందనుకుంటాను. సన్నటి టేకు ఫ్రేము వేయించుకున్నాను, పాలిష్ ముదురు రంగు, బొమ్మలోని గోధుమ రంగుకు బాగా కలిసింది. అద్దం వేయించుకోలేదు. ముదురు బొమ్మ మీద అద్దం పెడితే ఎదురుగా ఉన్న కిటికీ, ట్యూబ్‌లైటు, మన మొహం, ఇవే కనిపిస్తాయి, కొండా మంటా కనిపించవు. దానికి బదులు కాన్వాస్ మీద మెరుపు లేని కోటింగ్ వేశారు, తడిబట్టతో తుడవొద్దు, పొడి మెత్తటి బట్టతో దులిపితే చాలన్నారు. వెనక కొక్కేలు, మేకులు స్టీలువి అడగండి. అడగకపోతే మామూలువి వేస్తారు, అవి మన గాలికి త్వరగానే తుప్పు పడతాయి. ఇది వాళ్లంతట వాళ్లే చెప్పాల్సిన విషయం, చెప్పలేదు.

మొత్తం ఖర్చు ఆరు వేలకు కొంచెం తక్కువ అయింది, ప్రింట్, ప్రత్యేకంగా కోసిన చట్రం, టేకు, పట్టీ అన్నీ కలిపి. ఆన్‌లైన్‌లో ఇంతకన్నా తక్కువకే కాన్వాస్ వస్తుంది, నాకు తెలుసు. కానీ వాటిలో సైజు మనం చెప్పినట్టు ఉండదు, ప్రూఫ్ చూపించరు, ముదురు బొమ్మ ఎలా వస్తుందన్నది మన అదృష్టం.

మీరు వెళ్లేటప్పుడు ఫైలు పెన్‌డ్రైవ్‌లో తీసుకెళ్లండి, వాట్సాప్‌లో పంపితే సైజు తగ్గిపోయి కాన్వాస్ మీద మసకగా వస్తుంది. గోడ కొలత ముందే రాసుకోండి. సందులో కారు పట్టదు, బండి అయితే షాపు ముందే పెట్టుకోవచ్చు. దైవచిత్రాలు, పెళ్లి ఫొటోలు ఎక్కువగా ఉండే శ్రావణమాసంలో, పెళ్లిళ్ల సీజన్లో ఆలస్యం అవుతుంది, అర్జెంటు పని ఉంటే అప్పుడు పెట్టుకోకండి. గాజువాక, మధురవాడ లాంటి దూరాలకు ఆటోలో పంపిస్తారు, ఆటో డబ్బులు మనవే, బొమ్మకు నాలుగు మూలలా థర్మోకోల్ కట్టి పంపుతారు. నాది ఒక్క గీత పడకుండా ఇల్లు చేరింది. వచ్చే నెల మా తమ్ముడి కోసం పొజార్‌స్కీ, మీనిన్‌ల విగ్రహం ఫొటో కూడా ఇక్కడే ఇస్తున్నాను, ఆ పట్టీ మీద ఏం రాయాలో బాబాయ్ ఇప్పటినుంచే అడుగుతున్నారు.